రైలు మెట్టు మీద మా కనకన్న

మా సుధాకర్ తీసిన షార్ట్ ఫిల్మ్ సెలెక్ట్ అయింది! హైదరాబాద్‌లో పెద్ద తెర మీద వేస్తారట! నా కొడుకు!!

ఈ మాట ముందు చెప్పాల్సింది అందులో హీరో, నా దోస్తు కనకన్నకే. నిన్న పొద్దున నోట్లో స్వీటు పెట్టుకునే ఫోన్ చేశాను.

ఎత్తింది ఆయన భార్య, లక్ష్మి వదిన.

"మీ అన్న లేడు... తెల్లారంగ గుండె ఆగిపాయె."

స్వీటు మింగలేను. ఉమ్మలేను.

సినిమా సంగతి తెలియనివాళ్లకు చెబుతాను. వెనకటి మూకీల లెక్క బ్లాక్ అండ్ వైట్. మాటల్లేవు. పెద్దపల్లి ప్లాట్‌ఫాం మీద బ్యాగుతో ఒక్కడే మనిషి. ఇల్లు వదిలి మగ్గాల పనికి బొంబాయి దిక్కు భివండి పోవాలా, వెనక్కి తిరగాలా? అంతే కథ.

కనకన్న బతుకంతా సిరిసిల్లలో పవర్‌లూమ్ సాంచెలు నడిపాడు. ఆ మగ్గాల చప్పుడులో మాట వినపడదు. అన్నీ కళ్లతో, చేతులతోనే.

"ఈయనకు యాక్టింగ్ నేర్పేదేముంది బాపూ" అన్నాడు మావాడు.

షూటింగ్‌లో బండి వచ్చింది. కనకన్న మెట్టు మీద కాలు పెట్టాడు.

తీశాడు.

మళ్లీ పెట్టాడు.

ఆ ముఖం చూసి నిజంగానే పోతున్నాడనుకున్నాను.

"దిగే అన్నా, పోకే!" అని ఒర్లాను.

నా దిక్కు చూసి దిగాడు. బండి వెళ్లిపోయింది. మూకీ కాబట్టి బతికిపోయాను! సినిమాలో ఆ దిగడమే ఉంచారు.

అందరం నవ్వాం. ఆయన నవ్వలేదు.

"మా సమ్మిగాడు కొట్లాడి గిట్లనే బండెక్కిండు తమ్మీ. గప్పుడు దిగుమనెటోడే లేకపాయె."

సమ్మయ్య ఆయన తమ్ముడు. భివండి పోయినవాడు మళ్లీ గడప తొక్కలేదు.

నిన్న ఫోన్‌లో అన్న పోయాడని చెబితే ఏడ్చాడు. వస్తాననలేదు, రాననలేదు. అప్పటి నుంచి స్విచాఫ్.

కనకన్నకు పిల్లలు లేరు. తలకొరివి తమ్ముడే పెట్టాలి. ఐస్ బాక్సులో ఉంచాం. ఇవ్వాళ సాయంత్రం దాకా చూస్తామంటున్నారు పెద్దలు. ఫోన్ మోగితే చాలు, సమ్మయ్యేనేమోనని ఉరికి ఎత్తుతున్నాను.

సమ్మయ్యా, ఏ స్టేషన్‌లో మెట్టు మీద ఒక కాలు పెట్టి నిలబడ్డావో.

ఈసారి దిగకు. ఎక్కి రారా.

కనకన్నా, సాంచెల చప్పుడు బందయింది. ఇక నిమ్మళంగా పండుకో. నీ ఆత్మ చల్లగా ఉండాలి.

ఇది చదివినవాళ్లు వీళ్లకు చెప్పండి, సమ్మయ్య జాడ పట్టి పంపమనండి:

పెద్దపల్లిలో సమ్మయ్య మేనమామ ఓదెలు.

భివండిలో లక్ష్మి వదిన తమ్ముడు శ్రీను. సమ్మయ్య రూముకే పోయి చూడమనండి.

లక్సెట్టిపేటలో అన్నదమ్ముల పెద్దక్క రాజవ్వ. ఫోన్ ఎత్తుతలేదు, ఎవరన్నా ఇంటికే పోండి. ఆమె రమ్మంటే సమ్మయ్య కాదనడు.