నాలుగో దంతం

ఫిజీ దేశపు సింగతోక ఊరి బజారులో ఉనైసి దగ్గర కర్రపెండలం కొనేవాళ్ళు బేరమాడరు. ఆడితే కుప్పను గోనెపట్టా మీంచి వెనక్కి లాగేసుకుంటుంది. లాగడం కుడిచేత్తోనే, ఎడమ మోచెయ్యి పూర్తిగా చాపలేదు. దాన్ని విరిచింది మొగుడు నెతాని. అది మూడోసారి కొట్టినప్పుడు.

అతను కొట్టడం, ఆమె పుట్టింటికి రావడం, వారం తిరక్కుండా అత్తింటి పెద్దలు తంబువా పట్టుకుని దిగబడడం. తంబువా అంటే తిమింగలం దంతం. అది చేతుల్లో పెట్టి తప్పైందంటే పుట్టింటి పెద్ద కాదనడం మర్యాద కాదు. పుచ్చుకున్నాడా, తగువు పూడ్చిపెట్టినట్టే. పెదనాన్న ఎపెలి మూడుసార్లూ పుచ్చుకున్నాడు. మూడుసార్లూ ఉనైసి నోరు మూసుకుని వాళ్ళ వెంట వెనక్కి పోయింది. దంతాలు మాత్రం పెదనాన్న పెట్టెలో చెక్కుచెదరకుండా ఉన్నాయి.

నాలుగోసారి ఆమె ముందు కోర్టుకెళ్ళి, తరవాతే పుట్టింటికొచ్చింది. నెతాని ఆ ఇంటి ఛాయలకు రాకూడదు, వస్తే పోలీసులు వెంటనే పట్టుకోవాలి, ఆమెకు రక్షణ స్టేషన్‌దే బాధ్యత అని మేజిస్ట్రేటు ఉత్తర్వు ఇచ్చాడు. సార్జెంటు దాన్ని చదివి ఆవులించాడు.

"అలాగే చూస్తాంలేమ్మా. కానీ మాకు బండి లేదుగా."

నెతాని రెండుసార్లు కంచె దాకా వచ్చి నానా బూతులూ తిట్టి పోయాడు. రెండుసార్లూ స్టేషన్‌లో బండి లేదు. ఉత్తర్వు ఉత్త కాగితంగా మిగిలిపోతే ఈసారి మోచేతితో సరిపోదని, ప్రాణమే పోతుందని ఉనైసికి తెలుసు.

ఇంతలో శనివారం పొద్దున దంతం తెస్తున్నామని అత్తింటి నుంచి కబురొచ్చింది. నెతాని కూడా వస్తాడట. తప్పు చేసినవాడు వచ్చి తల వంచుకుని కూర్చోకపోతే క్షమాపణకు నిండుదనం ఉండదు మరి.

"వాడు రాకూడదని కోర్టు చెప్పింది కదే?" పెదనాన్న నసిగాడు. "దంతం ముందు కాగితమెంతలే అనుకుంటున్నట్టున్నారు."

"అనుకోనీ పెదనాన్నా. రానీ. నువ్వు మాత్రం మొహమాటపడకుండా పుచ్చుకో."

"పుచ్చుకుంటే? మళ్ళీ పోతావా వాడి దగ్గరికి?"

ఉనైసి నవ్వింది. ఆ నవ్వు చూసి ఆయన పెట్టెలో నాలుగో దంతానికి చోటు సర్దడానికి లేచాడు.

శనివారం తెల్లవారగానే, తన సరుకు మోసే లారీని స్టేషన్‌కు పంపింది. డ్రైవరుతో చెప్పించిన మాట ఒకటే: "బండి లేదన్నారుగా, ఇదిగో బండి. ఎక్కనంటే మేజిస్ట్రేటు గారికి నేనే చెప్పుకుంటాను." సార్జెంటూ, కెలెరా అనే పోలీసమ్మాయీ కర్రపెండలం బస్తాల మీద కూర్చుని వచ్చారు. కెలెరాకు నవ్వాగలేదు. సార్జెంటు మొహం మాడిపోయి ఉంది. ఇద్దర్నీ వంటింట్లో కూర్చోబెట్టి ఉనైసి టీ పోసింది.

పది గంటలకు అత్తింటివాళ్ళు వచ్చి చాప మీద కూర్చున్నారు. నెతాని తండ్రి ఇనోకె దంతాన్ని రెండు చేతులా పట్టుకుని గొంతు వణికించాడు.

"మావాడు తప్పు చేశాడు. చేత్తో కొట్టాడు, కత్తి పిడితోనూ కొట్టాడు. బుద్ధి గడ్డి తిని చేశాడు. మన్నించండి."

నెతాని తల వంచుకునే, వంటింటి తలుపు దగ్గర నిలబడ్డ ఉనైసిని ఓరగా చూసి నవ్వాడు. ఇంటికి రా, నీ పని చెప్తా అనే నవ్వు. చూడు నాయనా, బాగా చూసుకో అనుకుంది ఉనైసి.

పెదనాన్న దంతం పుచ్చుకున్నాడు. ఆనవాయితీ ప్రకారం అందరూ చేతులు దొప్ప చేసి చప్పట్లు కొట్టారు. అవి ఆగగానే సార్జెంటు వంటింట్లోంచి బయటికొచ్చాడు.

"ఇదేం పని!" ఇనోకె కూర్చున్నచోటి నుంచే అరిచాడు. "పుచ్చుకున్నారుగా! తగువు తీరిపోయిందిగా!"

"పుచ్చుకున్నాం మామయ్యా. దంతం బాగుంది, పెద్దది కూడా," అంది ఉనైసి. "కొట్టాడని మీ నోటితోనే చెప్పారు, సార్జెంటుగారు విన్నారు. ఇక మీవాణ్ణి లారీ ఎక్కించండి."

కెలెరా బేడీలు వేసింది. ఆ చప్పుడు ఉనైసి చెవులారా వింది. నెతాని మొహం పాలిపోవడం కళ్ళారా చూసింది. ఎంత హాయిగా ఉందో! కాస్తయినా జాలి కలుగుతుందేమోనని తనలో తాను వెతుక్కుంది. లేదు.

"ఉనైసీ, ఇదన్యాయమే! మీ పెదనాన్న క్షమించాడే, అందరూ చూశారే!" లారీ ఎక్కుతూ నెతాని కేకపెట్టాడు.

"ఆయన్ని అడిగారు, ఆయన క్షమించాడు," అంది ఉనైసి. "నన్నెవరడిగారు?"