ఇప్పచెట్టు కోసం ఒక బైండోవర్

రిటైరయ్యేందుకు రెండేళ్లుండగా, ఒక మార్చి నెలలో, భద్రాచలం అడవి అంచునున్న మండలానికి తహసీల్దారుగా బదిలీ అయ్యాను. తహసీల్దారంటే భూముల అధికారి అనే చాలామందికి తెలుసు. ఆయన ఎగ్జిక్యూటివ్ మెజిస్ట్రేటు కూడా. ఒకరు మరొకరిని బెదిరిస్తుంటే, ఏడాదిపాటు గొడవకు పోనని పూచీదారులతో సహా బాండు రాయించుకునే అధికారం ఆయన కోర్టుకుంది. జనం దాన్ని బైండోవర్ అంటారు.

చేరిన వారానికే ముత్తమ్మ పిటిషన్ వచ్చింది. ఒంటరి మనిషి. అక్కడ అడవిలో ఏ ఇప్పచెట్టు ఏ ఇంటిదో ఊరందరికీ తెలుసు, కాగితం మాత్రం ఉండదు. ఆమె చెట్టు పక్కనే చేను చేసుకునే శంకరయ్య, ఆ చెట్టూ తనదేనని బెదిరించాడు. ఏరి ఎండబెట్టి అమ్ముకునే ఇప్పపువ్వు తెల్లవారుజామున రాలుతుంది, అదీ మూడు నాలుగు వారాలే. ఆ వేళ చెట్టు కింద ఆమె ఒక్కతే. భయపడి నాలుగు రోజులుగా ఏరడానికి వెళ్లడం లేదు.

మా గుమాస్తా అలవాటు చొప్పున 'తీవ్ర పరిణామాలుంటాయని బెదిరించినందున' అని ఆర్డరు రాసి సంతకానికి పెట్టాడు. ఆ ముక్కతో నేను అంతకుముందే ఒకసారి దెబ్బ తిన్నాను. అసలు బెదిరింపు ఏమిటో ఆర్డరులో లేదని పై కోర్టు నా బైండోవరును కొట్టేసింది. అందుకే ముత్తమ్మను పిలిచి, శంకరయ్య అన్న మాట ఉన్నదున్నట్టు చెప్పమన్నాను.

"ఆ మాట నా నోటెంట అనను సారూ. అంటే నిజంగనే అయితది," అంది.

చెప్పకపోతే కేసు నిలవదన్నాను. తల అడ్డంగా ఊపింది. నాకు ఒళ్లు మండింది. రక్షణ కోసం అంతదూరం నడిచొచ్చిన మనిషి, దొరికే ఒక్క దారినీ తనే మూసేస్తోంది. అప్పటికే ఎస్సై శంకరయ్యను తీసుకొచ్చి వరండాలో కూర్చోబెట్టాడు. ముత్తమ్మ అటు చెయ్యి చూపింది. "ఆయన్నే అడుగు. కోపిష్టోడు గని అబద్ధమాడడు."

బెదిరించినవాడు కోర్టులో ఒప్పుకోవడం నా సర్వీసులో చూడలేదు. అయినా పిలిచి అడిగాను. అతను ఆమెవైపు ఒకసారి చూశాడు.

"అవ్ సార్, అన్న. చెట్టు కాడికొస్తే గొడ్డలితోని నరుకుతనన్న. కోపంల అన్న."

అక్షరం పొల్లుపోకుండా రాయించాను. మనిషి ఎదురుగా ఉంటే సమన్లు అక్కర్లేదు, ఆర్డరు అక్కడే చదివి వినిపిస్తే చాలు. తన మాటే నా నోట వినేసరికి శంకరయ్య తల దించుకున్నాడు. సాయంత్రానికల్లా ఇద్దరు పూచీదారులను తెచ్చి బాండు రాసిచ్చాడు.

సీజన్ అయిపోయేదాకా ఆ ఊళ్లో మా రెవెన్యూ సహాయకుడు వీఆర్ఏను అడుగుతూనే ఉన్నాను. ముత్తమ్మ రోజూ పోతోందని, శంకరయ్య ఆ దరిదాపులకు రావడం లేదని చెప్పాడు. చివరి గంప ఇల్లు చేరిందని విన్నాకగాని నా మనసు కుదుటపడలేదు.

అప్పటిదాకా భయపడ్డవాళ్లనే గుచ్చిగుచ్చి అడిగేవాణ్ణి. ఆ తర్వాత ఏ పిటిషన్ వచ్చినా బెదిరించిన మనిషినే ముందు అడిగాను. చాలామంది బొంకారు. అప్పుడు సాక్షులను పిలిచాను. భయపడ్డ మనిషి చేత ఆ మాట మళ్లీ అనిపించడం, ఇంకే దారీ లేనప్పుడు మాత్రమే చేశాను.