అవ్వ బాత్రూం గడియ

పక్కింటి అవ్వ పోయింది. మొన్న పొద్దున్నే అత్త, అంటే అవ్వ కోడలు, ఫోన్ చేసింది. నేను నంద్యాలలో, మోటార్లు బాగుచేసే షాపులో పని చేస్తాను. అప్పుడే షట్టర్ ఎత్తుతున్నాను.

"అబ్బీ, అవ్వ పోయిందిరా" అంది.

నేను అడిగింది ఒకటే మాట. "బాత్రూంలోనా?"

"ల్యాదురా. నిద్రలోనే. లేపితే లేయల్యా."

షట్టర్ సగంలో వదిలేసి మెట్టు మీద కూర్చున్నాను. అట్లా ఎందుకు అడిగానో మీకు చెప్పాలంటే ఆ బాత్రూం గురించి చెప్పాలి. మనుషుల ముందు నాకు నోరు పెగలదు. ఫోన్లో అయితే టైపు కొట్టగలను. అందుకే రాస్తున్నాను.

ఆళ్లగడ్డలో మా ఇంటికీ అవ్వ ఇంటికీ ఒకటే గోడ. అవ్వకు నీళ్లు బాగా కాగాలి. బాత్రూం నిండా ఆవిరి. ఒకసారి ఆ ఆవిరికి కళ్లు తిరిగి లోపలే పడిపోయింది. గడియ వేసి ఉండడంతో మామ, అవ్వ కొడుకు, తలుపు పగలగొట్టి ఎత్తుకొచ్చాడు. తర్వాత కొత్త తలుపు పెట్టించాడు గానీ గడియ మాత్రం పెట్టనివ్వలేదు. అప్పటినుంచి అవ్వ నీళ్లు పోసుకుంటుంటే అత్త తలుపు ఓరగా తీసి అక్కడే నిలబడేది.

"పెండ్లయి ఈ ఇంటికొచ్చినంక నేను ఒక్కదాన్నే ఉండేది ఆ ఒక్క తావులోనేరా. అదీ పాయ" అని ఒకరోజు అవ్వ నాతో అంది.

గడియ కోసం మామను అడుగుతూనే ఉండేది. ఆయన మాట ఒకటే: "ఆవిరి పోయే దారి చూపీమా, రేపే పెట్టిస్తా."

దారి లేక కాదు. పైన గోడలో ఎగ్జాస్ట్ ఫ్యాన్ ఉంది. అది గుయ్యిమంటుంది, తిరగదు. అవ్వ పొరకపుల్లతో రెక్కను నెడితే కాసేపు తిరిగి ఆగిపోతుంది.

సెలవు రోజు ఊరికి వచ్చినప్పుడు మెయిన్ ఆపి దాన్ని దించాను. అవ్వ పీట వేసుకుని ఎదురుగా కూర్చుంది.

"గుయ్యిమంటాంది గదా, అంటే పానముంది. మరి యాల తిరగదు?"

మోటారు కడ్డీకి నల్లగా జిగురు పట్టింది. వేలితో గీకి వాసన చూశాను. కొబ్బరి నూనె.

"అవ్వా, దీనికేం పోసినావ్?"

"తలకు పెట్టుకునేదే. తిరగల్యాక అవస్త పడతాంటే రెండు సుక్కలు పోసినా."

"అది దుమ్మునంతా పట్టుకునింది. మిషను నూనె పొయ్యాల."

"నా తలకు మంచిదైంది దానికి యాల చెడుపైతాది?"

నాకు తెలియలేదు. షాపులో మేస్త్రీని అడిగి, తర్వాతి సెలవుకు వచ్చి చెప్పాను, కొబ్బరి నూనె గడ్డకడుతుంది, మిషను నూనె పలచగానే ఉంటుంది అని. అవ్వ ఒప్పుకుంది. అడగడంలో ఆమెకు సిగ్గు లేదు. "అడిగితే ఏం పోతాదిరా, నోరే గదా" అనేది.

తిరగలేక వేడెక్కి మోటారు లోపలి రాగితీగ చుట్ట సగం మాడిపోయింది. అదే సైజు మోటారు తెచ్చాను. బిగించబోతే అవ్వ చెయ్యి పట్టుకుంది.

"ఆగు. నేను నూనె పోసింది అది నిలబడినంక గదా. ముందు యాల నిలబడ్యా? అది తెల్సుకోకుండా కొత్తది పెడితే ఇదీ అట్నే పోతాది."

పాత మోటారును మళ్లీ చూశాను. కడ్డీ తుప్పు పట్టింది. తేమ అని చెప్పాను. తేమను బయటికి తోసే ఫ్యానుకే తేమ ఎందుకు పట్టిందో మా ఇద్దరికీ అర్థం కాలేదు. సరే, కొత్తది బిగించేశాను. జోరుగా తిరిగింది.

మామ తనే పరీక్ష చేస్తానన్నాడు. సలసల కాగే నీళ్ల బకెట్ లోపల పెట్టుకుని తలుపు మూసుకున్నాడు. కాసేపటికి చెమటతో బయటికొచ్చాడు.

"ఇడ్లీ పాత్రలో కూసున్నట్టుండాది! గడియా ల్యా, గిడియా ల్యా!"

అవ్వ ముఖం చిన్నబోయింది. పోయి దేవుని గూట్లోంచి ఊదుబత్తి వెలిగించి తెచ్చింది. "నువ్వూ రారా" అని నన్ను లోపలికి పిలిచి తలుపు మూసింది. పొగ అటూ ఇటూ ఊగింది, ఫ్యాను వైపు సరిగా పోలేదు. తలుపు తీసింది. పొగ తాడు లాగినట్టు నేరుగా ఫ్యానులోకి పోయింది. మళ్లీ మూసింది. మళ్లీ ఊగింది.

"తీస్తే పరిగెత్తుతాంది, మూస్తే మొరాయిస్తాంది. దీనికి ఏందో కావాల" అంది.

అప్పుడు నేను కిందికి చూశాను. తలుపు అడుగు అంచుకు పాత చీర ముక్క చుట్టి, సందు లేకుండా గట్టిగా కుక్కి ఉంది.

"అవ్వా, గాలి పోవాలంటే గాలి రావాల గదా. యాట్నుంచి వస్తాది? పాత తలుపు నాటినుంచీ నువ్వే గుడ్డ పెట్టి మూసినావ్. ఆవిరి ఈడనే తిరిగి తిరిగి మోటారును తినింది."

"గుడ్డ తీస్తే కాళ్లు కనపడతాయిరా."

బయటినుంచి మామ అరిచాడు. "నీ కాళ్లు ఎవురు చూస్తారుమా!"

"నువ్వే చూస్తావ్, నిలబడినానా పడినానా అని!"

అత్త నవ్వింది, మామ కూడా నవ్వాడు. అవ్వ మాత్రం నవ్వలేదు, ఆ గుడ్డనే చూస్తూ నిలబడింది. తర్వాత వంగి తనే లాగేసింది. తలుపు మూసే ఉంది, అయినా పొగ నేరుగా ఫ్యానులోకి పోయింది.

"ఓహో, దానికి గాలి కావాల" అంది అవ్వ, చిన్నపిల్ల మాదిరి.

మరుసటి రోజు మామ గడియ తెచ్చాడు, నేను బిగించాను. ఆ రోజు అవ్వ లోపల ఎంతసేపు ఉందంటే, మామ ఆగలేక "అమ్మా" అని పిలిచాడు.

"బతికే ఉండా లే, పో!" అంది లోపలినుంచి.

అప్పటినుంచి అమావాస్యకు జనం బండ్లు కడిగి నిమ్మకాయలు కడుతుంటే, నేను ఫ్యాను దించి రెక్కలు తుడిచి, ఒక చుక్క మిషను నూనె వేసేవాడిని. అవ్వ దాని చట్రానికి కుంకుమ బొట్టు పెట్టేది. పెట్టి ఏదో ఒకటి అడిగేది. "కరెంటు పోయినాక కూడా కొంచేపు తిరుగుతాది గదా, అది ఎవురు తిప్పుతాండారు?" మేస్త్రీకి నా వల్ల పని పెరిగింది.

మొన్న బస్సు దిగి వెళ్లేసరికి వాకిట్లో చెక్క పలక వేశారు, నీళ్లు కాగుతున్నాయి. ఆఖరి స్నానం అక్కడే, అందరి ముందు చేయిస్తారు. ఆడవాళ్లు అడ్డం పట్టడానికి చీరలు తెస్తున్నారు. అత్త వద్దంది.

"లోపల పోస్తాం."

"పోయినోళ్లకు లోపల పోస్తారా యాడన్నా?" అంది చుట్టాల్లో ఒక పెద్దావిడ.

"పోయనీ పెద్దమ్మా" అన్నాడు మామ తల ఎత్తకుండా.

అవ్వ చిన్న మనిషి. నలుగురు ఆడవాళ్లు ఎత్తుకుని బాత్రూంలోకి తీసుకుపోయారు. అత్త నా వైపు తిరిగింది. "అబ్బీ, ఫ్యాను ఎయ్యి."

స్విచ్ వేశాను. లోపలినుంచి గడియ పడింది.

వాకిట్లో అంతమంది ఉన్నారు. ఎంతసేపైనా ఎవరూ తలుపు తట్టలేదు. నేను వెనక సందులోకి పోయి నిలబడ్డాను. ఫ్యాను గాలికి దాని బయటి రేకులు లేచి ఉన్నాయి. పసుపు వాసనతో ఆవిరి తెల్లగా బయటికి వచ్చి, ఎదురు గోడ దాకా పోయి, ఎండలో కలిసిపోతూ ఉంది.