మంగ్లి తాగని నీళ్లు

రోజూ పొద్దున్నే డ్యూటీకి బయల్దేరే ముందు మంగ్లి తులసికోటలో చెంబెడు నీళ్లు పోసేది. గోడ మీది రామయ్య పటానికి దండం పెట్టుకుని, తీర్థం పుచ్చుకున్నట్టు అరచేతిలో ఒక్క గుటక నీళ్లు పోసుకుని తాగేది. అంతే. మళ్లీ సాయంత్రం ఇల్లు చేరేదాకా గొంతులో చుక్క పడనిచ్చేది కాదు. అలాగని నీళ్లు లేకుండా బస్సెక్కేదీ కాదు. రెండు సీసాలు నింపుకునేది. ఎండకు సొమ్మసిల్లే ముసలివాళ్లకూ, ఏడ్చే పసిపిల్లలకూ అవి అక్కరకొచ్చేవి.

చండ్రుగొండ దగ్గరి తండాలో ఖాకీ చొక్కా తొడిగిన మొదటి ఆడది మంగ్లి. ఎనిమిదేళ్లుగా భద్రాచలం నుంచి ములకలపల్లి పోయే బస్సులో కండక్టరు. ఆ దారి పొడవునా ఆడవాళ్లు మరుగుకు పోయే చోటు లేదు. "అంత అడవి ఉంది గదా" అంటారు ఎరగనివాళ్లు. డ్రైవరు సీతయ్యకైతే ఉంది. బస్సాపి చెట్ల చాటుకు పోయి రెండు నిమిషాల్లో వచ్చేవాడు. మంగ్లి దిగితే కిటికీలన్నీ ఆమె వెంటే తిరిగేవి. పైగా భుజాన డబ్బుల సంచి, దాన్ని దించకూడదు. అందుకని నీళ్లే మానేసింది.

ములకలపల్లిలో బస్సు పది నిమిషాలు ఆగేది. ఎదురింటి ప్రమీలారాణి వాళ్లు కోస్తా నుంచి వచ్చి భూములు కొనుక్కున్న రైతులు. బస్సు జనం కోసం ఆమె అరుగు మీద చల్లటి కుండ పెట్టేది. మంగ్లికైతే తానే గ్లాసు తెచ్చి ఇచ్చేది.

"వద్దమ్మా" అనేది మంగ్లి.

"మా నీళ్లు నీకు పడవా ఏంటే?" అని ఆవిడ చిన్నబుచ్చుకునేది. మంగ్లి నవ్వి బస్సెక్కేది.

రెండువేల ఆరు వేసవిలో మంగ్లి నడుము పట్టుకుని బస్సు మెట్ల మీదే కూలబడింది. సీతయ్య ఖమ్మం తీసుకుపోయాడు.

"ఎడమ కిడ్నీ ఎప్పుడో ఎండిపోయిందమ్మా" అన్నాడు డాక్టరు. "కుడిదాంట్ల పెద్ద రాయి ఉన్నది. దీన్నన్న కాపాడుకోవాలె."

"కోస్తరా సారూ?"

"కోసేది లేదు, కుట్టేది లేదు. మిషన్‌తోని బయట్నుంచే దెబ్బలు కొట్టి రాయిని పొడి చేస్తం."

బల్ల మీద పడుకోబెట్టారు. నడుము కింద నీళ్లు నింపిన మెత్తటి తిత్తి. టక్, టక్, టక్... లోపల ఎవరో ఇప్పగింజలు దంచుతున్నట్టుంది. దెబ్బకొక రామనామం చెప్పుకుంది మంగ్లి. వెయ్యి దాటాక లెక్క తప్పింది. నర్సు గంటసేపూ ఆమె నుదుటి మీంచి చెయ్యి తియ్యలేదు. లేచి చూసుకుంటే చర్మం మీద రూపాయి బిళ్లంత ఎర్రటి మచ్చ, అంతే.

"ఒక్క గాటు లేదు గదా చెల్లె!" సీతయ్య సంబరపడ్డాడు. "మన బస్సు ఇంజనుకు గూడ గిట్లనే చేపిస్తే బాగుండు."

డాక్టరు మాత్రం నవ్వలేదు. "మిషన్ పని అయిపోయింది. ఇగ ఆ పొడిని బయటికి తోసేది నీళ్లే. రోజుకు మూడు లీటర్లు."

వారం సెలవు ఇట్టే గడిచింది. కూర్చుని చేసే పనేదైనా ఇమ్మని డిపోలో అడిగింది. మేనేజరు కుర్చీ వేయించి, టీ తెప్పించి, "ఖాళీ అయితే ముందు నీకేనమ్మా" అన్నాడు. ఖాళీ లేదు.

మూడు లీటర్లంటే మూడు లీటర్లే గదా అనుకుంది మంగ్లి. పగలంతా నాలుక పిడచకట్టుకుపోయినా ఓర్చుకుని, సాయంత్రం ఇల్లు చేరగానే బిందె ముందు కూర్చుని చెంబు మీద చెంబు తాగింది. కడుపు ఉబ్బి వాంతి వచ్చినా, లెక్క తప్పకూడదని మళ్లీ తాగింది. నాలుగో రోజు నొప్పి తిరిగొచ్చింది.

డాక్టరు ఎక్స్‌రే ఫొటో వెలుతురుకు పట్టి చూపించాడు. మూత్రనాళంలో రాతిముక్కలు సంతరోజు బస్సు మెట్ల మీద జనంలా ఇరుక్కుపోయి ఉన్నాయి.

"అన్నీ ఒక్కసారే తాగితే ఏం లాభం? పొద్దంత పారుతుండాలె. పది రోజులు చూస్త. కదలకపోతే ఈ కిడ్నీ గూడ దక్కదు. నీళ్లు తాగేతందుకు గింత కష్టమేందమ్మా?"

మంగ్లి ఫొటో అందుకుని కవర్లో పెట్టింది. ఆ మాట మగమనిషితో ఎట్లా చెప్పడం? ఎనిమిదేళ్లు పక్కనే బండి నడిపిన సీతయ్యకే చెప్పలేదు. పాపం, అతనికి తోచనూ లేదు.

మర్నాడు ములకలపల్లిలో బస్సు ఆగింది. మంగ్లి తిన్నగా ఎదురింటి అరుగు దగ్గరికి పోయింది.

"అమ్మా, నీళ్లియ్యరా."

"ఇన్నాళ్లకి మా నీళ్లు రుచించాయన్నమాట!" ప్రమీలారాణి మొహం విప్పారింది. కుండలో ముంచి గ్లాసు నిండా ఇచ్చింది.

మంగ్లి గ్లాసు పట్టుకుని అలాగే నిలబడింది. ఇంటి పక్క సందులోంచి దొడ్లో రేకుల తలుపు, దాని ముందు నీలం బకెట్టు కనిపిస్తున్నాయి. ఇన్నేళ్లలో ఆమె ఈ అరుగు దాటి లోపలికి పోయింది లేదు. రమ్మన్నవాళ్లూ లేరు. వెనక సీతయ్య హారన్ కొట్టాడు.

"ఏమ్మా, తాగవేం?"

"తాగుత అమ్మా. డాక్టరు పొద్దంత తాగమన్నడు. తాగితే నాకు పోయే చోటు లేదు. రోజూ ఈ పది నిమిషాలు... మీ దొడ్ల తలుపు తీసిపెడ్తరా అమ్మా? నీళ్లు నేనే తోడుకుంట, అంత కడిగే వస్త."