తోలు తొడిగిన గొర్రెపిల్ల

నా చిన్నప్పుడు, కొత్త రాష్ట్రం వచ్చిన రెండు మూడేళ్లకు, మా ఇంటికి సర్కారు గొర్రెలు వచ్చాయి. దేవరకొండ అవతల మాది గొర్రెల కాపరుల ఇల్లు. ఆ గొర్రెల్ని కోస్తా వైపు కొని లారీలో తెచ్చారు. దిగిన రోజు మా చిన్నాయన వాటికి బొట్లు పెట్టి, ఇక మన బతుకులు బాగుపడ్డట్టేనని వాడకట్టంతా చెప్పుకొచ్చాడు. కానీ కాలువ గట్ల పచ్చిక తిని పెరిగిన జీవాలు మా రాళ్ల నేలకు, ఎండు గడ్డికి తాళలేకపోయాయి. ఒకదాని వెనక ఒకటి పడిపోయేవి. పొద్దున్నే దొడ్డి తలుపు తీయాలంటే నాకు భయం.

వాటిలో ఒకటి పిల్లను ఈని చచ్చిపోయింది. పిల్ల మాత్రం లేచి నిలబడి ఒకటే అరుపు. సీసాతో పాలు పడితే మింగలేదు. ఇలాగైతే సాయంత్రం దాకా కూడా ఉండదు.

"ఆంధ్ర గొర్రె. గిది ఈడ బతుకుతదా? ఇడిసిపెట్టుండ్రి," అన్నాడు చిన్నాయన.

ఉద్యమంలో రోడ్డెక్కిన మనిషి. లాఠీ దెబ్బ తిన్న ఆయన మోచెయ్యి ఇప్పటికీ సరిగ్గా వంగదు. ఆ మాట ఆయన నోట మామూలుగానే వచ్చింది. నాకు మాత్రం ఏడుపొచ్చింది.

అదే పొద్దున మా సొంత మందలో ఒక గొర్రె చచ్చిన పిల్లను ఈనింది. మా తాతయ్య ఆ పిల్ల తోలు ఒలిచి, కాళ్లు పట్టేలా రంధ్రాలు చేసి, తల్లిలేని పిల్లకు చొక్కాలా తొడిగాడు. గొర్రె తన పిల్లను వాసన పట్టే గుర్తుపడుతుంది. అది తోలును మూచూసి, పిల్లను పొదుగు దగ్గరికి రానిచ్చింది.

నాకు సంతోషం కలగలేదు. పాపం, తన పిల్లే బతికిందనుకుంటోంది. ఇది మోసం కాదా అని తాతయ్యను అడిగాను.

"మోసమే బిడ్డా. దీని పానం నిలవాలె గద. తోలు తీసిననాడు దానికీ ఎరుకైతది."

తోలు కుళ్లు వాసన మొదలయ్యాక తాతయ్య విప్పేశాడు. చిన్నాయన కూడా వచ్చి గోడకానుకుని నిలబడ్డాడు. గొర్రె పిల్లను మూచూసింది. మళ్లీ మూచూసింది. తల పైకెత్తి కదలకుండా ఉండిపోయింది. పిల్లను కుమ్ముతుందేమోనని తాతయ్య నా చెయ్యి గట్టిగా పట్టుకున్నాడు. దానికి తెలిసిపోయిందని మా ముగ్గురికీ అర్థమైంది. చివరికి అది కాళ్లు కాస్త ఎడం చేసి, తాగనిచ్చింది. చిన్నాయన లోపలికి వెళ్లిపోయాడు.

లారీలో వచ్చిన మందకు గుర్తుగా ఆ పిల్ల ఒక్కటే మిగిలింది. మరుసటి ఏడు తాతయ్య పోయాడు. మందను అమ్మేశారు.

ఇప్పుడు నేను పట్నంలో ఇంకొందరు ఆడపిల్లలతో కలిసి కిరాయి గదిలో ఉంటున్నాను. కొత్తగా ఎవరైనా అమ్మాయి వస్తే, మీది ఏ ఊరని అడుగుతాను. మనవైపు కాదని తెలిసిన ఆ క్షణం నాలోనూ ఏదో బిగుసుకుంటుంది. ఆ గొర్రెకూ తెలిసింది కదా అనుకుని, మంచం మీద కాస్త జరిగి చోటిస్తాను.