అమ్మ పట్టుకున్న చెయ్యి

నాకు ఉద్యోగం వచ్చిన కొత్తలో అమ్మానాయనల్ని హైదరాబాద్ తీసుకెళ్లి, ఒక్క రోజులో మ్యూజియాలన్నీ తిప్పి చూపించే టూరు బస్సు ఎక్కించాను. మా నాయన మార్కాపురంలో పలకల ఫ్యాక్టరీలో పనిచేసేవాడు. ప్రతి పలకనూ వేలి కణుపుతో కొట్టి, మోతను బట్టి పగులుందో లేదో చెప్పడం ఆయన పని.

మొదటి మ్యూజియంలో గైడు ఒక రాతి శిల్పం గురించి చెబుతుండగా టక్ టక్‌మని చప్పుడైంది. చూస్తే నాయన! కళ్లు మూసుకుని, శిల్పానికి చెవి ఆనించి మరీ కొడుతున్నాడు. గార్డు విజిల్ ఊదుతూ పరుగెత్తుకొచ్చాడు. అందరూ మమ్మల్నే చూస్తుంటే నాకు తల కొట్టేసినట్టయింది.

“ఇంకోసారి ముట్టుకుంటే బయటికి పంపించేస్తాం” అన్నాడు గార్డు.

“పగులుందేమో చూసినా సారూ” అన్నాడు నాయన బిక్కమొహంతో.

అమ్మ గబగబా వచ్చి ఆ చెయ్యి పట్టుకుంది. “ఈ చెయ్యి ఊరికే ఉండదు సార్. నేను పట్టుకుంటాలే” అంది.

మా ఊళ్లో బజారుకు పోయినా నాయన ముందు నడిచేవాడు, అమ్మ ఎక్కడో వెనక. అలాంటిది ఆ రోజు మ్యూజియాలన్నీ ఇద్దరూ చేతులు పట్టుకునే తిరిగారు. అద్దాల పెట్టెల్లో కత్తులూ కిరీటాలూ ఏం చూశానో నాకు గుర్తులేదు.

సాయంత్రం బస్సెక్కాక అమ్మ చెయ్యి వదలబోయింది.

“అప్పుడే ఏంది? ఈడ గూడా అద్దాలుండాయి గదా” అన్నాడు నాయన, కిటికీ వైపు చూస్తూ.

అమ్మ నవ్వింది. చెయ్యి వదల్లేదు.

నాయన పోయాక, మళ్లీ మ్యూజియాలు చూసొద్దామా అని ఆ మధ్య అమ్మను అడిగాను.

“పోయి ఎవరి చెయ్యి పట్టుకునేది?” అంది.