మేనత్త చెంప

బెండకాయ ఊరగాయ పెట్టేనాడు మా మేనత్త ఎవరినీ నమ్మేది కాదు. జాడీ దగ్గరికి వచ్చినవాళ్ల చెయ్యి లాక్కుని, అరచేతిని తన చెంపకు ఆనించుకునేది. ముద్దు కాదు, సోదా. బెండకాయ అసలే జిగురు. చెమ్మ తగిలితే జాడీ అంతా బూజే.

మామ యుద్ధానికి పోయి, జాబులు ఆగిపోయిన ఏడు ఆ అనుమానం మరీ ముదిరింది.

"తడి! బాయికాడికి పోయొచ్చినావా?" అని అమ్మను నిలదీసింది.

"యాడికీ పోలేదు వదినా."

"అబద్ధం!"

అమ్మ చేతులు కొంగుతో తుడుచుకుని ఎండలో చాపింది. అత్త మళ్లీ ఆనించుకుని, "ఇంకా తడే ఉండాది" అంది. నా చెయ్యీ తడేనట, అవ్వ చెయ్యీ తడేనట.

అమ్మ చెయ్యి వెనక్కి తీసుకోలేదు.

"తడి మా చేతుల్లో లేదు వదినా."

అత్త తన చెంప తడుముకుంది. ఆ పూట జాడీని తానూ ముట్టలేదు.